కాంట్రా గొప్పదంటే మేనల్లుడు నవ్వుతున్నాడు

ప్రశ్న: అన్నా, మాది కడప. ఏడు రోడ్ల కూడలికి దగ్గర్లో ఉంటాం. మా బావ కువైట్‌లో పని చేస్తాడు. వచ్చే నెల సెలవుకు వస్తూ మా అక్క కొడుక్కి పీఎస్ 5 (టీవీకి తగిలించి ఆడే సోనీ గేమ్ మెషీన్, ప్లేస్టేషన్) తెస్తున్నాడు. "మంచి గేమ్స్ నాలుగు చెప్పు, డిస్కులు ఇక్కడే కొంటా" అన్నాడు. నెట్‌లో చూస్తే ఒక్కో లిస్టు ఒక్కో రకంగా ఉంది. పైన ఉన్న పేర్లు చాలావరకు నేను విననే లేదు. నాకు తెలిసినవి చిన్నప్పుడు టీవీకి తగిలించి, క్యాసెట్ పెట్టి ఆడిన కాంట్రా, మారియో. అవే గొప్పవి అంటే మావాడు యూట్యూబ్‌లో చూసి "ఇవేం బొమ్మలు మామా" అని ఒకటే నవ్వు. వాడికి పద్నాలుగేళ్లు, జీటీఏ అనే గేమ్ కావాలట. అసలు ఒక గేమ్ గొప్పదని ఎట్లా తేలుస్తారు? బావకు ఏం చెప్పాలి?
– ఒక మేనమామ, కడప

జవాబు: తమ్ముడూ, నీ మేనల్లుడు నవ్వినందుకు నేనైతే తప్పు పట్టను. వాడు కాంట్రా చూశాడు, ఆడలేదు. వీడియోలో కనబడేది బొమ్మ ఒక్కటే. ఎర్రకారం దోసె ఫోటో చూపించి రుచి ఎట్లా ఉందో చెప్పమంటే ఎవరైనా ఏం చెబుతారు? గేమ్ అసలు సంగతంతా బటన్ మీదున్న వేలికీ తెర మీదున్న బొమ్మకూ నడుమ జరుగుతుంది. ఆడేవాడికే అది పూర్తిగా తెలుస్తుంది, పక్కన కూర్చుని చూసేవాడికి సగమే. నన్నడిగితే గొప్ప గేమ్‌ను గుర్తుపట్టేది అక్కడే. గ్రాఫిక్స్, కథ, సంగీతం ఆ తర్వాత.

నీకు కంఠతా వచ్చిన మారియోనే తీసుకుందాం. 1985లో జపాన్ కంపెనీ నింటెండో తెచ్చిన గేమ్ అది. షిగెరు మియామోతో, తకాషి తెజుకా కలిసి డిజైన్ చేశారు. మొదటి లెవెల్లో మొదటి అర నిమిషం గుర్తు తెచ్చుకో. మారియో తెరకు ఎడమ పక్క నిలబడి ఉంటాడు, కుడి పక్కంతా ఖాళీ. "కుడికి పో" అని ఎక్కడా రాసి ఉండదు, అయినా ఎవరి చేతికిచ్చినా కుడికే పోతారు. కాస్త పోగానే పైన మెరుస్తున్న ప్రశ్న గుర్తు పెట్టె, ఎదురుగా చిరాకు మొహంతో నడిచొచ్చే ఒక జీవి. ఏమీ చేయకుండా నిలబడితే అది వచ్చి తగులుతుంది, చస్తావు. చస్తే పోయేదేముంది, ఆట మొదలై నాలుగు సెకన్లు కూడా కాలేదు. మళ్లీ మొదలు. ఈసారి ఎగురుతావు. దాని నెత్తిన పడితే అది చస్తుందని తెలుస్తుంది, తల పెట్టెకు తగిలితే నాణెం వస్తుందని తెలుస్తుంది.

ఆ తర్వాతిది ఇంకా బాగుంటుంది. పక్క పెట్టెను తలతో కొడితే పుట్టగొడుగు బయటికొస్తుంది. అది కుడికి జారిపోయి, కింద పడి, అక్కడున్న పైపుకు తగిలి, తిరిగి నీ వైపే వస్తుంది. ఇందాకటి శత్రువులాగే ఉందే అని భయపడి ఎగిరితే పైన ఇటుకలు అడ్డం, తల తగిలి కిందికే పడతావు. చాలామంది తప్పించుకోబోయి దానికే తగులుకుంటారు. తగులుకుంటే మారియో పెద్దవాడవుతాడు! కుడికి పోవాలి, ఎగరాలి, పెట్టెలు కొట్టాలి, పుట్టగొడుగు మంచిది: ఒక్క అక్షరం చదివించకుండా ఇన్ని నేర్పారు. ఇంగ్లిష్ ముక్క రాని మనం ఆ గేమ్‌ను అంత సులువుగా ఆడేశామంటే కారణం అదే. ఇప్పటి గేమ్స్‌లో కొన్ని మొదటి గంటంతా తెర మీద రాతలు చదివిస్తాయి. నాకు అక్కడే విసుగు పుడుతుంది.

ఇక ఆ ఎగురుడు. బటన్ కొద్దిగా నొక్కితే చిన్న ఎగురుడు, పట్టి ఉంచితే పెద్దది. పరిగెత్తుకొచ్చి ఎగిరితే దూరం పోతాడు. గాల్లో ఉండగా కూడా అటూ ఇటూ కాస్త జరపొచ్చు. పరుగులో ఉన్నట్టుండి వెనక్కి తిప్పితే కాళ్లు జారుతూ ఆగుతాడు. ఇవన్నీ నీ బొటనవేలికి ఇప్పటికీ గుర్తుంటాయి చూడు. 1996లో మారియో 64 చేసినప్పుడు నింటెండో వాళ్లు లెవెళ్ల కంటే ముందు మారియో నడకనే సరిచేసుకున్నారు. ఒక చిన్న చోట కుందేలును పెట్టి, దాన్ని తరిమి పట్టుకుంటూ, ఆ పరుగు చేతికి బాగుందా లేదా అని చూసుకున్నారు. ఉత్తినే అటూ ఇటూ తిరగడమే సరదాగా ఉంటే ఆ తర్వాత ఏ లెవెల్ కట్టినా నిలబడుతుంది.

2018లో వచ్చిన సెలెస్ట్ అనే కొండెక్కే గేమ్‌లో ఇంకో గమ్మత్తుంది. కొండ అంచు దాటి అమ్మాయి కాలు గాల్లోకి పోయాక కూడా, సెకనులో ఒక చిన్న ముక్క పాటు ఎగరనిస్తుంది. అంత తేడా కంటికి ఆనదు. "భలే టైమింగ్‌రా నాది" అనుకుంటావు. నిజానికి గేమే నిన్ను కనికరించింది. నిన్ను గెలిపించడానికి గేమ్ చేసే ఈ దొంగ సాయం నాకు చాలా ఇష్టం.

కాంట్రాకు వద్దాం. ఒక్క తూటా తగిలితే ప్రాణం పోతుంది, ఉండేది మూడు ప్రాణాలు. అంత కఠినమైన గేమ్‌ను ఇద్దరు పిల్లలు ఒకే టీవీ ముందు గంటలు గంటలు ఎందుకు ఆడారు? తూటాలు కంటికి కనబడేంత నెమ్మదిగా వస్తాయి. శత్రువులు ఎప్పుడూ దాదాపు అదే చోట, అదే తీరున వస్తారు. చచ్చిన ప్రతిసారీ ఎందుకు చచ్చావో నీకు తెలుసు. తూటాలు విరజిమ్మే ఎస్ తుపాకీ కోసం కక్కుర్తిపడి దూకావు, లేదా నీ తోడుగాడు తొందరపడి పైకి పోయి తెరను లాగేసి నిన్ను కింద చంపాడు. (ఆ తగాదాలు ఇప్పటికీ కొన్ని స్నేహాల్లో తెగలేదు.) ముప్పై ప్రాణాలిచ్చే ఆ పైకి, పైకి, కిందికి, కిందికి అని బటన్లు వరుసగా నొక్కే కోడ్ పుట్టుక కూడా ముచ్చటే. కాంట్రా చేసిన కొనామి కంపెనీలో కజుహిసా హషిమోతో అనే ఉద్యోగి 1986లో గ్రేడియస్ అనే గేమ్‌ను ఇంట్లో టీవీకి తగిలించే మెషీన్‌కు మారుస్తూ, పరీక్షించడానికి ఆడితే మరీ కష్టంగా ఉందని తన కోసం పెట్టుకున్న కోడ్ అది. గేమ్ చేసినవాడే ఓడిపోతుంటే మనమెంత!

గేమ్ మంచిదో కాదో తేల్చడానికి నేను వాడే కొలత ఇదే. ఓడిపోయిన క్షణంలో ఆడేవాడి నోటి నుంచి ఏం వస్తుందో విను. "ఛ, తొందరపడ్డా" అని వెంటనే బటన్ నొక్కితే అది మంచి గేమ్. "ఇదేం గేమ్‌రా, నొక్కినా ఎగరడం లేదు" అంటే ఎంత అందంగా ఉన్నా పక్కన పెట్టు. 2011లో వచ్చిన డార్క్ సోల్స్‌ను జనం పదే పదే చస్తూ కూడా నెత్తిన పెట్టుకున్నది ఇందుకే. శత్రువు చెయ్యెత్తడం కనిపిస్తుంది, దెబ్బ ఎప్పుడు పడుతుందో తెలుస్తుంది, అయినా ఆశపడి ఇంకో వేటు వేయబోయి చస్తావు. దాన్ని తీసిన హిదెతకా మియజాకి అదే పద్ధతిని 2022లో ఎల్డెన్ రింగ్ అనే విశాలమైన లోకంలో పెట్టాడు. అక్కడ ఒక రాక్షసుడు లొంగకపోతే గుర్రమెక్కి ఇంకో దిక్కుకు పోవచ్చు, బలం పెంచుకుని తిరిగి రావచ్చు.

సులువుగా లోపలికి రానివ్వడం, లోతుగా పోనివ్వడం, రెండూ ఒకే గేమ్‌లో కుదరడం అరుదు. కర్నూల్లో మా కాలేజీ రోజుల్లో గంటకింత అని తీసుకుని పీఎస్ 1 ఆడనిచ్చే షాపు ఒకటుండేది. అక్కడ టెక్కెన్ 3 ముందు ఎప్పుడూ గుంపే. ఆ గేమ్‌లో నాలుగు బటన్లు నాలుగు అవయవాలు: ఎడమ చెయ్యి, కుడి చెయ్యి, ఎడమ కాలు, కుడి కాలు. అంతే. కొత్తగా వచ్చినవాడు ఎడ్డీ అనే నాట్యగాణ్ని ఎంచుకుని, కాళ్ల బటన్లు రెండూ గుడ్డిగా వాయిస్తూ ఇద్దరు ముగ్గుర్ని ఓడించేవాడు. వాడి సంబరం చూడాలి! అంతలో బ్లాక్ చేయడం నేర్చినవాడొకడు వచ్చి, వాడి తన్నులు అయిపోయేదాకా ఓపిగ్గా కాచుకుని, ఒక్క దెబ్బతో పడేసేవాడు. గుడ్డిగా వాయించినవాడు ఇంటికి పోతూ "వాడెట్లా ఆపాడు?" అని ఆలోచించేవాడు. మర్నాడు మళ్లీ వచ్చేవాడు.

ఇక లిస్టుల సంగతి. వాటితో తంటా ఏమిటంటే, ఆ కాలంలో దారి వేసిన గేమ్, ఈ రోజు ఆడినా బాగుండే గేమ్, రెండింటినీ ఒకే వరుసలో పేర్చేస్తారు. చాలా లిస్టుల్లో పైన కనబడే జెల్డా: ఒకారినా ఆఫ్ టైమ్ 1998 నాటిది. విమర్శకుల మార్కులు కూడగట్టే మెటాక్రిటిక్‌లో దానికి 99. అప్పట్లో 3డీ గేమ్‌లో కత్తియుద్ధమంటే నరకం: నువ్వొకవైపు, శత్రువొకవైపు, కెమెరా ఇంకోవైపు. ఒక బటన్ పట్టుకుంటే చూపు శత్రువు మీదే నిలిచి, నువ్వు వాడి చుట్టూ తిరిగే ఏర్పాటు చేసి ఆ చిక్కు విప్పింది ఆ గేమ్. ఇప్పుడు ఆ ఏర్పాటు చాలా గేమ్స్‌లో ఉంది కాబట్టి నీ మేనల్లుడికి అందులో వింతేమీ కనబడదు. 2005 నాటి రెసిడెంట్ ఈవిల్ 4దీ అదే కథ. కెమెరాను హీరో భుజం వెనక పెట్టి గురి చూడనివ్వడం అది వేసిన దారే, తర్వాత ఎన్నో గేమ్స్ ఆ దారినే నడిచాయి. అయితే ఇది ఈ రోజు ఆడినా పట్టు తగ్గదు. 1997 నాటి తుపాకీ గేమ్ గోల్డెన్ ఐ అట్లా కాదు. చరిత్రలో దాని చోటు దానిదే గానీ, బొటనవేళ్లతో తిప్పే రెండు పుల్లలున్న ఇప్పటి కంట్రోలర్‌కు అలవాటైన చేతికి అది ఇప్పుడు ఇచ్చి చూడు, అయిదు నిమిషాల్లో పక్కన పెట్టేస్తాడు. నా లెక్కలో గోల్డెన్ ఐ పూజించాల్సిన గేమ్, కొనాల్సిన గేమ్ కాదు.

ఇంకో సంగతి, లిస్టులో ఉన్న మారియోలు, జెల్డాలు నింటెండో మెషీన్ల మీదే ఆడాలి. పీఎస్ 5కు రావు. బావ షాపులో అడిగి ఉత్త చేతులతో తిరిగి రాకుండా ముందే చెప్పు.

సినిమా చేయలేనిది, పుస్తకం చేయలేనిది ఒకటి గేమ్ చేయాలి అని కూడా నేను చూస్తాను. 1998 నాటి మెటల్ గేర్ సాలిడ్‌లో సైకో మాంటిస్ అనే విలన్ ఉంటాడు, మనసులు చదువుతానంటాడు. ఎట్లా చదువుతాడో తెలుసా? నీ మెమరీ కార్డు చదువుతాడు! అందులో ఆ గేమ్ తెచ్చిన కొనామి వాళ్ల వేరే గేమ్స్ సేవ్ చేసి ఉంటే, నీకు ఆ గేమ్ ఇష్టం కదూ అని మొహం మీదే అడుగుతాడు. కంట్రోలర్ నేల మీద పెట్టమంటాడు, పెడితే దాన్ని వైబ్రేషన్‌తో జరుపుతాడు. నువ్వు ఏ బటన్ నొక్కినా ముందే తెలిసినట్టు తప్పుకుంటాడు. గెలవాలంటే కంట్రోలర్ పీకి రెండో పోర్టులో పెట్టాలి. నీ గదిలోని వైరును కూడా కథలోకి లాగిన సన్నివేశం అది. ఏ సినిమా తెర ఆ పని చేయగలదు?

షాడో ఆఫ్ ది కొలాసస్ చేసేది ఇంకో రకం పని. 2005లో ఫుమితో ఉయెదా తీసిన గేమ్ అది. ఉండేది పదహారు మహాకాయాలు, దారిలో చిల్లర శత్రువులు ఎవరూ ఉండరు. కొండంత జీవి వెంట్రుకలు పట్టుకుని ఎక్కాలి. పట్టు వదలకూడదంటే బటన్ నొక్కి పట్టుకునే ఉండాలి, అది విదిలించినప్పుడల్లా నీ వేలు కూడా బిగుసుకుంటుంది. ఇంత కష్టపడి చంపితే, అది కూలేటప్పుడు విజయగీతం రాదు, ఏడుపు లాంటి సంగీతం వస్తుంది. నాలుగోదో అయిదోదో కూలే సరికి "నేను చేస్తున్నది మంచి పనేనా" అని అనుమానం పుడుతుంది. చంపింది తెర మీది హీరో అని తప్పించుకోవడానికి లేదు, బటన్ నొక్కింది నువ్వే.

కథ గొప్పదైతే గేమ్ గొప్పదవుతుందా అంటే, కాదు. మనకు బాగా దగ్గరి ఉదాహరణే ఉంది. 2009లో హైదరాబాద్ కంపెనీ ఒకటి పీఎస్ 2కు హనుమాన్: బాయ్ వారియర్ చేసింది. భారతదేశంలోనే తయారైన తొలి పీఎస్ 2 గేమ్స్‌లో అదొకటి. హనుమంతుడి కంటే బాగా ఎగిరే హీరో ఏ దేశంలో దొరుకుతాడు? అయినా విమర్శకులు మెచ్చలేదు. చేతికి ఆట కుదరకపోతే ఆంజనేయస్వామి కూడా ఏం చేయలేడు. 2020లో పుణె వాళ్లు చేసిన 'రాజీ' అనే గేమ్ వచ్చింది. దుర్గమ్మ, విష్ణుమూర్తి మాట్లాడుకుంటుంటే కథ నడుస్తుంది, చూడటానికి ముచ్చటగా ఉంటుంది, కొట్లాట మాత్రం ఇంకాస్త పదును పడాల్సింది.

గేమ్ వచ్చిన మొదటి వారంలో వినబడే పొగడ్తలను కూడా పూర్తిగా నమ్మొద్దు. 2020 డిసెంబర్‌లో సైబర్‌పంక్ 2077 ఎంతో ఆర్భాటంగా వచ్చింది. మామూలు పీఎస్ 4లో అది ఎంత అధ్వానంగా నడిచిందంటే, సోనీ కొద్ది రోజుల్లోనే దాన్ని తన స్టోర్ నుంచి తీసేసింది. మళ్లీ పెట్టింది 2021 జూన్‌లో. తర్వాత చాలా మరమ్మతులు చేశారు, ఇప్పుడు మంచి గేమే. అప్పుడు కొన్నవాళ్ల తిప్పలు మాత్రం వాళ్లవే.

సరే, బావకు ఏం చెప్పాలి? ప్రతి పీఎస్ 5లోనూ ఆస్ట్రోస్ ప్లేరూమ్ అనే గేమ్ ఉచితంగా లోపలే ఉంటుంది. మీ వాణ్ని ముందు అది ఆడనివ్వు. ఆ బుజ్జి రోబో ఇసుకలో నడిస్తే ఒక రకంగా, మంచు మీద నడిస్తే ఇంకో రకంగా కంట్రోలర్ అరచేతిలో వణుకుతుంది. వాడికి అది నచ్చితే, నచ్చుతుంది, మొదటి డిస్కు 2024లో వచ్చిన ఆస్ట్రో బాట్. ఆ ఏడాది ది గేమ్ అవార్డ్స్‌లో గేమ్ ఆఫ్ ది ఇయర్ దానికే ఇచ్చారు. కత్తీ నెత్తురూ లేకుండా అంత పేరు తెచ్చుకున్న గేమ్ ఈ మధ్య అరుదు.

రెండోది ఇట్ టేక్స్ టూ. ఒక్కడే ఆడటానికి లేదు, ఇద్దరుండాల్సిందే. ఒకరి చేతికి మేకులు, ఒకరి చేతికి సుత్తి ఇస్తుంది. అతను మేకు విసిరి గోడకు దిగ్గొడితేనే ఆమె సుత్తి తగిలించుకుని ఊగుతూ అవతలికి పోగలదు. ఇద్దరికీ అది అలవాటయ్యే లోపు వాటిని లాగేసుకుని కొత్త పరికరాలిస్తుంది. కాంట్రా ఆడిన నీకు ఇది వెంటనే ఎక్కుతుంది. కథ విడాకులు తీసుకోబోయే దంపతులది, మీ అక్కకు ముందే ఒక మాట చెప్పి పెట్టు. మూడోది షాడో ఆఫ్ ది కొలాసస్, 2018లో పీఎస్ 4కు కొత్తగా చేసి తెచ్చిన డిస్కు. అది పీఎస్ 5లో నడుస్తుంది.

నాలుగోది జీటీఏ అని మీ వాడు పట్టుబడతాడు. జీటీఏ 5 గొప్ప గేమ్ కాదని నేననను. ఊరంత ఊరు కట్టి, అందులో ఏం చేసినా దానికో జవాబు వచ్చేట్టు చేయడం మాటలు కాదు. కానీ దాని మీద 18 అని అచ్చేసి ఉంటుంది, అది ఊరికే వేయలేదు. పద్నాలుగేళ్లవాడికి నేనైతే కొననివ్వను. క్లాసులో అందరి దగ్గరా ఉందంటాడు, అననీ. ఆ చోటు వాణ్నే నింపుకోనివ్వు, క్రికెట్ అయినా ఫుట్‌బాల్ అయినా సరే. (క్రికెట్ గేమ్స్‌లో 2006 చివర్లో వచ్చిన క్రికెట్ 07ను మనవాళ్లు ఇప్పటికీ కొత్త జట్లు ఎక్కించుకుని కంప్యూటర్లలో ఆడుతున్నారు. దాని తర్వాత వచ్చినవేవీ నాకైతే అంతగా ఆనలేదు.) నీకోసం ఒకటి కావాలంటే 2018 నాటి గాడ్ ఆఫ్ వార్ తెప్పించుకో. విసిరిన గొడ్డలి బటన్ నొక్కగానే గాల్లో తిరిగొచ్చి ఠక్కున చేతిలో పడినప్పుడు కంట్రోలర్ కొట్టుకుంటుంది. ఆ ఒక్క అనుభూతి కోసం ఉత్తినే విసిరి పిలిచేవాళ్లను చూశాను. అది కూడా 18 గేమే, మీ వాడు నిద్రపోయాక ఆడుకో.

కాంట్రా పంచాయితీ తేల్చాలంటే, కొనామి 2019లో పాత కాంట్రాలు కొన్ని కలిపి పీఎస్ 4కు యానివర్సరీ కలెక్షన్ అని తెచ్చింది. మీ స్టోర్‌లో దొరుకుతుందేమో చూడు. దొరికితే వాడికి వీడియో చూపించొద్దు, రెండో కంట్రోలర్ చేతికివ్వు. మన రోజుల్లో ఎనిమిదో లెవెల్ దగ్గర కరెంటు పోతే మళ్లీ మొదటికి రావాల్సిందే. ఇందులో ఎక్కడంటే అక్కడ సేవ్ చేసుకోవచ్చు.

టీవీలో గేమ్ మోడ్ అని ఒకటుంటుంది, అది ఆన్ చెయ్యి. లేకపోతే టీవీ బొమ్మకు మెరుగులు దిద్దే పనిలో పడి, నువ్వు నొక్కిన తర్వాత కాస్త ఆలస్యంగా చూపిస్తుంది. అప్పుడు ఎంత మంచి గేమ్ అయినా చేతికి మొద్దుగా అనిపిస్తుంది. డిస్కులు కువైట్‌లో కొన్నా ఇక్కడ నడుస్తాయి. తర్వాత విడిగా కొని గేమ్‌కు కలుపుకునే అదనపు ముక్కలకు (డీఎల్‌సీలకు) మాత్రం అకౌంట్ ప్రాంతం, డిస్కు ప్రాంతం ఒకటే కావాలి. కాబట్టి అదనపు ముక్కలేవీ అక్కర్లేని గేమ్స్ డిస్కుల్లో తెప్పించుకోవడం మేలు, నేను చెప్పిన మూడూ అట్లాంటివే.

ఈ రోజే బావకు ఫోన్ చేసి, కొంటున్నది డిస్కు పెట్టే మోడలేనా అని అడుగు. డిజిటల్ ఎడిషన్ అయితే డ్రైవ్ లేకుండానే వస్తుంది, డిస్కులు నేరుగా పెట్టలేం. షాపులో పెట్టెలు రెండూ ఒకేలా కనబడతాయి. ధర తక్కువని అదే పట్టుకొచ్చేస్తాడు.